పట్టణం చుట్టూ వెయ్యి మూరల నేల

2021 ఏప్రిల్ 18, ఆదివారం. దక్షిణాఫ్రికాలోని కేప్‌టౌన్ నగరంలో టేబుల్ మౌంటెన్ పర్వతపు వాలు మీద మంటలు లేచాయి. గంటల వ్యవధిలోనే అవి కిందికి దిగి కేప్‌టౌన్ విశ్వవిద్యాలయంలో ప్రవేశించాయి. జాగర్ రీడింగ్ రూమ్ అనే పాత గ్రంథాలయ భవనం కాలిపోయింది. ఆఫ్రికా ఖండపు చరిత్రను దాచిన పుస్తకాలు ఎన్నో బూడిదయ్యాయి. 1796 నాటి గాలిమర ఒకటి దగ్ధమైంది. విద్యార్థులు కట్టుబట్టలతో వసతి గృహాలు ఖాళీ చేశారు. నిప్పు రాజుకున్నది జాతీయ ఉద్యానవనంలో, నష్టపోయింది నగరం.

మన ప్రాంతంలో కూడా అలాంటి ఒక ఆదివారం ఉంది. 2014 అక్టోబర్ 12న హుద్‌హుద్ తుపాను విశాఖపట్నాన్ని తాకింది. ఆ దినము అనేక సంఘాల్లో ఆరాధన జరగలేదు. మరునాడు తెల్లవారి చూస్తే పచ్చగా ఉండే కంబాలకొండ ఆకు రాలి మోడులతో నిలిచింది. ఆ రెండు ఆదివారాలూ ఒకే సత్యాన్ని చెబుతున్నాయి. కొండ, అడవి, సముద్రం ఉన్నచోట నగరం కట్టుకున్నవారు వాటితో కలిసి బ్రతకడం నేర్చుకోక తప్పదు. ఈ విషయంలో కేప్‌టౌన్ పాతికేళ్లకు పైగా చేస్తున్న ప్రయత్నంలో మనం నేర్చుకోదగినవీ ఉన్నాయి, జాగ్రత్తపడవలసినవీ ఉన్నాయి.

కొండను ఒక్క చేతికి అప్పగించడం

టేబుల్ మౌంటెన్ ఎత్తు సుమారు 1,085 మీటర్లు. పైభాగం బల్లపరుపుగా ఉంటుంది కాబట్టి ఆ పేరు వచ్చింది. నగరం ఆ కొండ చుట్టూ అల్లుకుంది. అక్కడి నుంచి దక్షిణంగా కేప్ పాయింట్ వరకు కొండలు, సముద్రతీరం కలిసి సాగుతాయి. ఈ చిన్న ద్వీపకల్పంలోనే 2,200కు పైగా మొక్క జాతులున్నాయి. 'ఫైన్‌బోస్' అని పిలిచే పొదల అడవి ఇక్కడి ప్రత్యేకత. ఈ కొండ వాగుల్లో తప్ప లోకంలో మరెక్కడా కనబడని కప్ప జాతి కూడా ఒకటుంది. 2004లో యునెస్కో ఈ వృక్ష సంపద ప్రాంతాన్ని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది.

ఇంత విలువైన కొండను కాపాడాలన్న మాట చాలా కాలంగా ఉన్నదే. ఆటంకం భూమి దగ్గరే వచ్చింది. కొండలో ఒక ముక్క నగర పాలక సంస్థది, ఇంకొకటి అటవీ శాఖది, మరొకటి సైన్యానిది, మిగిలినవి ప్రైవేటు యజమానులవి. ఒకరు చెట్లు నాటితే మరొకరు రోడ్డు వేశారు. నిప్పు అంటుకుంటే ఎవరు ఆర్పాలన్న దగ్గరే వాదులాట. 1989లో ద్వీపకల్పపు కొండలకంతటికీ ఒక రక్షణ హద్దు గీశారు. నెల్సన్ మండేలా అధ్యక్షుడిగా ఉన్న 1998లో ఆ ముక్కలను కలుపుతూ జాతీయ ఉద్యానవనాన్ని ప్రకటించి, ఒకే జాతీయ సంస్థకు నిర్వహణ అప్పగించారు. 2004లో దానికి టేబుల్ మౌంటెన్ జాతీయ ఉద్యానవనం అని పేరు మార్చారు. అదే సంవత్సరం చుట్టూ ఉన్న సముద్రంలో దాదాపు వెయ్యి చదరపు కిలోమీటర్లను రక్షిత ప్రాంతంగా చేశారు.

ఇందులో మొదటి పాఠముంది. అందరిదీ అన్న దాన్ని ఎవరూ కాపాడరు. ఎవరు బాధ్యులో, ఎవరు లెక్క చెప్పాలో ముందు తేల్చాలి. తలాంతుల ఉపమానంలో యజమాని ప్రతి దాసునితోనూ వేరుగా లెక్క చూసుకున్నాడని మరచిపోవద్దు.

కంచె లేని తోట

ఈ ఉద్యానవనానికి చాలావరకు గేటు లేదు, కంచె లేదు. కేప్ పాయింట్, పెంగ్విన్లు ఉండే బౌల్డర్స్ తీరం వంటి కొన్నిచోట్ల మాత్రమే టికెట్టు. మిగతా కొండ ఎక్కడానికి ఎవరికీ రుసుము లేదు. ఇంటి నుంచి నడుచుకుంటూ వెళ్లి జాతీయ ఉద్యానవనంలో అడుగుపెట్టవచ్చు. ఇది గొప్ప వరం. అయితే కష్టాలూ ఇందులోనుంచే పుడతాయి. కొండ ఎక్కేవారిని దోచుకునే దొంగలు అదే దారిలో వస్తారు. బబూన్ కోతులు అదే దారిలో దిగి వంటిళ్లలో దూరతాయి. నిప్పు కూడా అటూ ఇటూ నడుస్తుంది.

నిప్పు సంగతి కొంచెం వివరంగా చూద్దాం. ఫైన్‌బోస్ మొక్కలకు అప్పుడప్పుడు నిప్పు అవసరమే. కొన్ని విత్తనాలు మంట తగిలిన తర్వాతే మొలకెత్తుతాయి. ఎన్నో ఏళ్లకు ఒకసారి కాలితే అడవి కొత్తదవుతుంది. తరచుగా కాలితే విత్తనం పట్టక మునుపే మొక్క చస్తుంది. దీనికి తోడు వలస పాలకులు కలప కోసం తెచ్చిన పైన్ చెట్లు, ఆస్ట్రేలియా తుమ్మలు కొండంతా వ్యాపించాయి. అవి నీళ్లు ఎక్కువ తాగుతాయి, మండితే పెద్ద మంటవుతాయి. మన పల్లెల్లో సర్కారు తుమ్మ చెరువు గట్లను ఆక్రమించినట్టే ఇదీను. 1995లో దక్షిణాఫ్రికా ప్రభుత్వం ఇలాంటి చెట్లను కొట్టించడానికి నిరుద్యోగులకు కూలి ఇచ్చే పథకం పెట్టింది. వాగులకు నీళ్లు, పేదలకు పని ఒకేసారి దొరికాయి. మెచ్చుకోదగిన ఆలోచన.

అయితే మంచి పనినైనా అడగకుండా చేస్తే గొడవ తప్పదు. టోకాయ్ అనే చోట పైన్ తోటల నీడలో నడవడం అక్కడివారికి దశాబ్దాల అలవాటు. ముందు చెప్పిన గడువు కంటే త్వరగా ఆ చెట్లు కొట్టేయాలన్న నిర్ణయం వచ్చినప్పుడు వారు కోర్టుకెళ్లారు. ప్రజలను సంప్రదించకుండా అలా మార్చడం తగదని 2018లో అప్పీలు న్యాయస్థానం కూడా వారి పక్షానే నిలిచింది. శాస్త్రం ఉద్యానవనం పక్షాన ఉండవచ్చు. అయినా పొరుగువారిని అడగడం అనే మర్యాదను శాస్త్రం రద్దు చేయదు.

హద్దు గీత కింద పడినవారు

ఇక బాధ కలిగించే భాగానికి వద్దాం. టోకాయ్ పొరుగువారు కలిగినవారు, కాబట్టి లాయరును పెట్టుకోగలిగారు. హౌట్ బే రేవు పక్కన హాంగ్‌బర్గ్ అనే పేట ఉంది. అక్కడ ఉండేవారు ఎక్కువమంది చేపలు పట్టేవారు, చేపల ఫ్యాక్టరీల్లో పనిచేసేవారు. వర్ణవివక్ష పాలనలో వారిని ఆ వాలు మీదికి నెట్టారు. కుటుంబాలు పెరిగాయి, ఇళ్లు పెరగలేదు. పిల్లలు పెద్దవారై పైకి పైకి గుడిసెలు వేసుకున్నారు. చివరికి ఉద్యానవనానికి, పేటకు మధ్య ఉన్న ఫైర్ లైన్ దాటారు. 2010 సెప్టెంబర్‌లో ఆ గుడిసెలు కూల్చడానికి పోలీసులు వచ్చారు. రాళ్లు రువ్వారు, రబ్బరు గుళ్లు పేల్చారు. కొందరు కళ్లు పోగొట్టుకున్నారు. ఆ తర్వాతే చర్చలు, ఒప్పందం వచ్చాయి.

ఫైర్ లైన్ అవసరం లేదని ఎవరూ అనలేరు. అది లేకపోతే మొదట కాలేవి ఆ గుడిసెలే. కాని ఆ గీత గీసినప్పుడు ఆ ప్రజలకు ఇల్లెక్కడ అన్న ప్రశ్నకు జవాబు లేదు. 1996 నాటి దక్షిణాఫ్రికా రాజ్యాంగంలో ఆరోగ్యకరమైన పర్యావరణం 24వ సెక్షన్‌లో హక్కుగా ఉంది. తగిన నివాసం 26వ సెక్షన్‌లో హక్కుగా ఉంది. రెంటి మధ్య దూరం కాగితం మీద రెండు సెక్షన్లే. హాంగ్‌బర్గ్ వాలు మీద దానికి వెల కట్టింది మాత్రం పేదవారి కళ్లే.

పాత గాయాలు ఇంకా లోతైనవి. సైమన్స్ టౌన్ పైన రెడ్‌హిల్ అనే ఊరుండేది. 1967లో ఆ ప్రాంతాన్ని తెల్లవారికి మాత్రమే అని ప్రకటించారు. అక్కడి కుటుంబాలను తీసి ఓషన్ వ్యూ అనే కొత్త పేటకు తోశారు. సముద్రం నుంచి దూరం చేసి, పేరులో మాత్రం సముద్రాన్ని మిగిల్చారు. ఈనాడు కొండదారిలో నడిచేవారికి రెడ్‌హిల్ రాతిగోడలు కనిపిస్తాయి. సందర్శకుడికి అవి ప్రశాంతమైన శిథిలాలు. అక్కడ పుట్టినవారికి అమ్మ వంటగది.

కొండ పాదాన ఉన్న డిస్ట్రిక్ట్ సిక్స్ నుంచి ఇలాగే 60,000 మందికి పైగా గెంటివేయబడ్డారు. ఆ పేట జ్ఞాపకాలను దాచిన మ్యూజియం 1994లో తెరిచారు. అది ఒకప్పటి మెథడిస్టు ఆలయం. ఇళ్లు కూలినా దేవుని మందిరం నిలిచి, చెదరిపోయినవారి పేర్లకు చోటిచ్చింది.

తెలుగు సంఘానికి ఈ కథ పూర్తిగా పరాయిది కాదు. 1903లో నెల్లూరు ప్రాంతపు తెలుగు బాప్టిస్టు సంఘం రెవరెండ్ జాన్ రంగయ్య గారిని దక్షిణాఫ్రికాలోని నేటాల్‌కు మిషనరీగా పంపింది. చెరకు తోటల్లో ఒప్పంద కూలీలుగా ఉన్న మన తెలుగువారికి సువార్త చెప్పడానికి ఆయన వెళ్లారు. కేప్‌టౌన్‌లో కుటుంబాలను ఊడబెరికిన ఆ వర్ణవివక్ష చట్టమే తర్వాతి కాలంలో నేటాల్‌లోని భారతీయులనూ ఇళ్ల నుంచి వెళ్లగొట్టింది. వారిలో తెలుగువారూ ఉన్నారు.

సముద్రంలో గీసిన గీత

నేల మీది సమస్యే నీళ్లలోనూ ఉంది. సముద్ర రక్షిత ప్రాంతంలో ఆరు చోట్ల చేపల వేట పూర్తిగా నిషేధం. చేపలు పెరగాలంటే అది కావాలి. కాని చిన్న పడవల మత్స్యకారులు తాతల నాటి నుంచి వేటాడిన చోటే హఠాత్తుగా నేరస్థులయ్యారు. పెద్ద కంపెనీలకు కోటాలు దొరికాయి, గాలం పట్టుకున్న మనిషికి దొరకలేదు. 2007లో కోర్టు ఆదేశించిన తర్వాతే వారికి తాత్కాలిక హక్కులు, 2012లో ఒక విధానం వచ్చాయి. ఈ లోపల కొందరు యువకులు అబలోని అనే విలువైన నత్త జాతిని దొంగచాటుగా తీసి అమ్మే ముఠాల చేతిలో పడ్డారు. న్యాయమైన దారి మూసేస్తే అన్యాయపు దారి తెరుచుకుంటుంది.

ఇటీవలి ఒక ఉదాహరణ ఆశ కలిగిస్తోంది. ఆఫ్రికా పెంగ్విన్ల సంఖ్య ఎంతగా పడిపోయిందంటే, 2024లో వాటిని అంతరించే ప్రమాదం అత్యధికంగా ఉన్న జాతుల్లో చేర్చారు. అవి తినే కవళ్లు, నెత్తళ్లనే పెద్ద ఓడలూ పట్టుకుపోతాయి. పక్షుల సంరక్షణ సంస్థలు కోర్టుకెళ్లగా, 2025 మార్చిలో చేపల పరిశ్రమతో రాజీ కుదిరింది. రాబెన్ ద్వీపం సహా ఆరు పెంగ్విన్ స్థావరాల చుట్టూ పదేళ్లపాటు ఆ చేపల వాణిజ్య వేట ఆపాలని కోర్టు ఆదేశించింది. ఇక్కడ కట్టడి గాలం పట్టిన పేదవాడి మీద కాక, వల పెద్దదైనవారి మీద పడింది. ఇరుపక్షాలూ కూర్చుని ఒప్పుకున్నారు. సంరక్షణ ఇలా ఉండాలి.

వాక్యం ఎదుట రెండు తోటలు

సంఖ్యాకాండము 35వ అధ్యాయం మనం త్వరగా చదివి దాటిపోయే భాగం. లేవీయులకిచ్చిన పట్టణాల చుట్టూ, గోడ వెలుపల నాలుగు వైపులా కొలిచి ఖాళీ నేల విడిచిపెట్టాలని దేవుడు మోషేకు ఆజ్ఞాపించాడు. వెయ్యి మూరలు, రెండు వేల మూరలు అని కొలతలు కూడా ఇచ్చాడు. పశువులు మేయడానికి, ప్రజలు ఊపిరి తీసుకోవడానికి ఆ నేల. లేవీయకాండము 25:34 ఇంకొక మెట్టు పైకి వెళ్తుంది. ఆ నేలను అమ్మకూడదంటుంది. ఇంటిని అమ్మవచ్చు, తిరిగి విడిపించుకోవచ్చు. పట్టణం చుట్టూ ఉన్న ఉమ్మడి నేలకు మాత్రం ధరే లేదు. పట్టణ ప్రణాళిక అనే మాట పుట్టక ముందే పట్టణం ఎక్కడ ఆగాలో వాక్యం చెప్పింది.

అయితే అదే బైబిల్‌లో మరొక తోట ఉంది. 1 రాజులు 21లో అహాబు నాబోతు ద్రాక్షతోటను ఆశించాడు. దేనికోసం? అక్కడ కూరతోట వేసుకోవడానికి. మనం ఈ మాటను గమనించము. అహాబు అడిగింది కూడా పచ్చదనమే! మంచి ధర ఇస్తానన్నాడు, బదులు తోట ఇస్తానన్నాడు. నాబోతుకు అది పితరుల స్వాస్థ్యము. రాజు పచ్చదనం కోసం ఒక పౌరుడు రాళ్ల దెబ్బలకు చనిపోయాడు. ఏలీయా వచ్చి నిలదీసింది తోట గురించి కాదు, దాన్ని సంపాదించిన విధానం గురించి.

ఈ రెండు అధ్యాయాలను కలిపి చదవాలి. మొదటిది మాత్రమే చదివితే పచ్చదనం పేరున పేదవాడి గుడిసె కూలుస్తాం. రెండవది మాత్రమే చదివితే పేదవాడి పేరు చెప్పి కొండలన్నీ కబ్జాదారుల పాలు చేస్తాం. దక్షిణాఫ్రికా సంఘాలు ఈ పాఠాన్ని కన్నీళ్లతో నేర్చుకున్నాయి. వర్ణవివక్షను వాక్యంతో సమర్థించిన బోధకులు అక్కడ ఉండేవారు. దానికి జవాబుగా 1986లో అక్కడి మిషన్ సంఘం అంగీకరించిన బెల్హార్ విశ్వాస ప్రకటన, అన్యాయానికి గురైనవారి పక్షాన దేవుడు నిలుస్తాడని ఒప్పుకుంది. బెల్హార్ కేప్‌టౌన్ శివారు పేటే. ఆ దేశంలోనే 2005లో వివిధ విశ్వాసాలవారు కలిసి సృష్టి సంరక్షణకు సాఫ్సీ అనే సంస్థను స్థాపించారు. 2017లో అణువిద్యుత్ ఒప్పందాల మీద మరో సంస్థతో కలిసి కోర్టుకెళ్లి గెలిచింది అదే.

మన తీరం, మన కాంపౌండు

విశాఖపట్నంలో కంబాలకొండ అభయారణ్యం సుమారు 70 చదరపు కిలోమీటర్లు. చిరుత తిరిగే అడవికి, అపార్టుమెంటు గోడకు మధ్య దూరం ఏటేటా తగ్గిపోతోంది. భీమిలి దారిలో ఎర్రమట్టి దిబ్బలున్నాయి. వేల సంవత్సరాల గాలి, నీరు, ఇసుక కలిసి చేసిన ఆ దిబ్బల పక్కకు కట్టడాలు వస్తున్నాయి. తీరప్రాంత నిబంధనలూ సడలాయి. 2011 ప్రకటనలో పల్లె తీరానికి 200 మీటర్ల వరకు నిర్మాణం వద్దన్నారు. 2019లో జనసాంద్రత ఎక్కువ ఉన్న పల్లెల్లో దాన్ని 50 మీటర్లకు కుదించారు. ఆ 150 మీటర్లలో వలలు ఆరబెట్టుకునే జాలరి నిలబడతాడా, రిసార్టు నిలబడుతుందా అన్నదే ఇప్పటి ప్రశ్న.

మనకు ఒక మంచి అలవాటు ఇప్పటికే ఉంది. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు 61 రోజులు మన మరబోట్లు వేటకు వెళ్లవు. చేపలు గుడ్లు పెట్టడానికి సముద్రానికి విశ్రాంతి ఇస్తాం. ఆ రోజులకు మత్స్యకార కుటుంబాలకు ప్రభుత్వం భృతి ఇస్తుంది. ఆలస్యమవుతుందని ఫిర్యాదులున్నా సూత్రం సరైనది. త్యాగం అడిగినప్పుడు అన్నం గురించి కూడా ఆలోచించాలి. కొండల విషయంలోనూ ఇదే సూత్రం పాటించాలి. హద్దులు గీసేటప్పుడే కొండవాలు పేటల ప్రజల చేతికి ఇంటి పట్టా అందాలి, గ్రామసభలో వారి మాట వినాలి. ఈ కోరిక మన స్థానిక నాయకుల ముందు పెట్టడానికి సంఘాలు వెనుకాడకూడదు.

చివరిగా ఒక మాట మన గురించే చెప్పుకోవాలి. నేను చదువుకున్న మిషన్ కాంపౌండులో చింతచెట్లు, నిద్రగన్నేరు చెట్లు ఆకాశాన్ని కప్పేవి. ఆదివారం బడి ఆ నీడలోనే జరిగేది. ఊళ్లో ఏ మతం పిల్లలైనా సాయంత్రం అక్కడే ఆడుకునేవారు. ఇప్పుడు రోడ్డు వైపు భాగమంతా దుకాణాల సముదాయం. చెట్లు కొట్టిన రోజు కమిటీలో ఎవరూ సంఘాన్ని అడగలేదు. ఇది ఒక్క ఊరి సంగతి కాదని ఈ పత్రికకు వచ్చే ఉత్తరాలు చెబుతున్నాయి.

మిషనరీలు విడిచివెళ్లిన కాంపౌండులు చాలా పట్టణాల నడిబొడ్డున మిగిలిన పచ్చని చోట్లు. అవి మన కాలపు లేవీయుల నేలలు. కేప్‌టౌన్ కొండ గురించి, విశాఖ దిబ్బల గురించి మాట్లాడే అర్హత మనకు కావాలంటే, మొదట మన ప్రహరీ గోడ లోపలి వెయ్యి మూరలను అమ్మకుండా నిలుపుకోవాలి. ఈ వారం సంఘ కమిటీలు మూడు పనులు చేయాలని మనవి. మీ కాంపౌండులో ఎంత ఖాళీ నేల, ఎన్ని చెట్లు మిగిలాయో రాసి పెట్టండి. సంఘ సభను పిలవకుండా దాన్ని ఎవరికీ కౌలుకు గాని అమ్మకానికి గాని ఇవ్వకూడదని తీర్మానం చేయండి. సాయంత్రం వేళ పొరుగు పిల్లలకు గేటు తెరవండి.

తోటను సేద్యపరచుటకును కాచుటకును మనిషి నియమింపబడ్డాడని ఆదికాండము 2:15 ద్వారా మనమెరుగుదుము. కాచేవాడికి తోట మీద హక్కు పత్రం లేదు. యజమాని వచ్చినప్పుడు చూపించవలసిన లెక్క మాత్రమే ఉంది.